పితృఋణము: రుమేనియా బ్రతియానుల కథ

రాజకీయములలో వంశపారంపర్యము మంచిదా, చెడ్డదా యను వాదము మన పఠనమందిరములలో తఱచుగా వినబడుచుండును. మంత్రి కుమారుడు మంత్రి కావలెనా యని యొకరందురు. వైద్యుని కుమారుడు వైద్యుడును, న్యాయవాది కుమారుడు న్యాయవాదియు నగుచుండగా ఇచ్చట మాత్రము తప్పేమి యని వేఱొకరందురు. దీపములు పెట్టు వేళ వఱకు వాదించినను ఇది తేలునది కాదు. ఏలయన, ప్రశ్నయే సరిగా వేయబడలేదు. కుమారుడు తండ్రి పీఠము నెక్కెనా లేదా యనునది ప్రశ్న కాదు. ఎక్కినవాడు తండ్రి యాస్తిని మాత్రమే యనుభవించెనా, తండ్రి యప్పును గూడ దీర్చెనా యనునదే ప్రశ్న. ఆస్తికి వారసుడైనవాడు ఋణమునకును వారసుడే యని మన పెద్దలు విధించిరి. రాజకీయములందును ఇంతకంటె మంచి కొలబద్ద మాకు గానరాదు.

ఈ కొలబద్దతో కొలిచి చూడదగిన చరిత్ర యొకటి యూరపుఖండపు ఆగ్నేయభాగమున గలదు. రుమేనియా దేశచరిత్రలో అఱువదియేండ్లపాటు బ్రతియాను అను పేరు వినబడని ముఖ్యఘట్టము అరుదు. తండ్రి ఆ రాజ్యమును నిలిపెను. కుమారుడు దానిని రెండింతలు చేసెను. ఆ కుమారుడే ఇయొనెల్ బ్రతియాను. అతడు అయిదు పర్యాయములు ప్రధానమంత్రి యయ్యెను. అతని మౌనమును, ఎవరికిని అంతుపట్టని నడవడిని జూచి సమకాలికు లతనిని స్ఫింక్సు విగ్రహముతో బోల్చుచుండిరి. అతని జీవితము చదువువానికి భక్తి కలుగును. చదువు ముగించువానికి భయము కలుగును. రెండును న్యాయమే.

తండ్రి ఇయొన్ బ్రతియాను 1821వ సంవత్సరమున పితెష్తి పట్టణమున నొక భూస్వామి కుటుంబమున జన్మించెను. అప్పటికి రుమేనియా యను రాజ్యమే లేదు. వలేకియా, మొల్డేవియా యను రెండు సంస్థానములు తురుష్క సుల్తానునకు కప్పము గట్టుచుండెను. ట్రాన్సిల్వేనియా, బుకొవీనాలు ఆస్ట్రియా చక్రవర్తి క్రిందను, బెస్సరేబియా రష్యా చక్రవర్తి క్రిందను నుండెను. పారిసు నగరమున చదువుకొన్న యా యువకుడు 1848వ సంవత్సరపు వలేకియా విప్లవమున పాల్గొని, ప్రవాసక్లేశముల ననుభవించి, స్వదేశమునకు మరలెను. 1866లో కూజా ప్రభువు తొలగింపబడగా, జర్మను రాజవంశీయుడగు కరోలును దెచ్చి సింహాసన మెక్కించినవారిలో నతడు ముఖ్యుడు. 1876 మొదలు 1888 వఱకు అతడే ప్రధానమంత్రి. నడుమ 1881లో రెండు మాసములు మాత్రము వేఱొక రా పదవి నధిష్ఠించిరి. ఆ వేఱొకరును అతని యన్నగారగు దుమిత్రు బ్రతియానుయే! ఈ కాలముననే, 1877లో, రుమేనియా స్వాతంత్ర్యమును ప్రకటించుకొని తురుష్కులతో యుద్ధము చేసి ప్లెవ్నా కోట యొద్ద రక్తమోడ్చి దానిని నిలుపుకొనెను. 1881లో రాజ్యమని పిలువబడెను. ఒక మనుష్యుడు తన జీవితకాలమున ఇంతకంటె నేమి చేయగలడు?

అయినను మహాపురుషులు సయితము ఋణములను విడిచియే పోవుదురు. ఈ తండ్రి విడిచిన ఋణములు నాలుగు.

మొదటిది, పరపాలనమున నున్న సోదరుల ఋణము. 1878లో బెర్లిను మహాసభ జరిగినప్పుడు రుమేనియా మంత్రులు తలుపు వెలుపల వేచియుండి, పిలిచినప్పుడు తమ మనవి చెప్పుకొని వెలుపలికి రావలసివచ్చెను. యుద్ధమున తోడు నిలిచిన రష్యాయే దక్షిణ బెస్సరేబియాను లాగికొనెను. ఆ భయముచేత 1883లో తండ్రి ఆస్ట్రియా-హంగరీతో రహస్యసంధి చేసికొనెను. ట్రాన్సిల్వేనియాలోని లక్షలాది రుమేనియనుల నేలుచున్నది ఆ రాజ్యమే. కనుక వారి మొఱను ప్రభుత్వము వినియు విననట్లుండవలసిన గతి పట్టెను. ఆ సంధిని శాసనసభ కెన్నడును చూపలేదు.

రెండవది, కర్షకుల ఋణము. స్వాతంత్ర్యయుద్ధమున జచ్చినవారు రైతుబిడ్డలు. స్వాతంత్ర్యఫలము ననుభవించినవారు భూస్వాములు. సాగుభూమిలో దాదాపు సగము కొన్ని వేల పెద్ద ఆస్తుల క్రింద నుండిపోయెను. భూస్వాములు పట్టణములయందో పారిసునందో నివసించుచు భూములను ఇజారాదారుల కప్పగించిరి. ఇజారాదారులు రైతును పిండి పిప్పి చేసిరి. ఓటుహక్కును సంపదనుబట్టి మెట్లు మెట్లుగా విభజింపబడి, సామాన్య కర్షకుని గొంతు శాసనసభకు చేరనే లేదు.

మూడవది, యూదుల ఋణము. 1866వ సంవత్సరపు రాజ్యాంగము క్రైస్తవులు కానివారికి పౌరసత్వము లేదనెను. బెర్లిను మహాసభ మతభేదము లేక అందఱికి సమానహక్కు లిచ్చిననే మీ స్వాతంత్ర్యము నంగీకరింతుమని షరతు పెట్టెను. తండ్రి ప్రభుత్వము 1879లో రాజ్యాంగమును సవరించినట్లు చూపి, యూదు డొక్కొక్కడును వేఱువేఱుగా శాసనసభ యనుమతి పొందినగాని పౌరుడు కారాదని యేర్పాటు చేసెను. షరతు తీఱినట్లుండెను, తలుపు మూసియే యుండెను. 1899 నాటి జనాభా లెక్కలలో రెండున్నర లక్షలకు మించిన యూదులు రుమేనియాలో నుండిరి. వారిలో నత్యధికులు పుట్టిన గడ్డపైననే పరదేశీయులు.

నాలుగవది, ఎన్నికల ఋణము. రుమేనియాలో ఎన్నికలలో గెలిచినవారు మంత్రులగుట ఆచారము గాదు. మంత్రులైనవారే ఎన్నికలలో గెలుచుట ఆచారము. రాజు ముందుగా మంత్రివర్గమును నియమించును. ఆ మంత్రివర్గము కలెక్టర్లవంటి తన యధికారులచేత ఎన్నికలు జరిపించుకొని సభను నింపుకొనును. ప్రతిపక్షులు తండ్రి బ్రతియానును వజీరు అని యెగతాళి చేయుచుండిరన్నచో అందు కొంత నిజము లేకపోలేదు.

ఈ నాలుగు ఋణములతోడను, అపారమగు కీర్తితోడను, ఫ్లోరికా యను పల్లెలోని యెస్టేటుతోడను తండ్రి 1891లో గతించెను. ఆ ఫ్లోరికాలోనే ఇయొనెల్ 1864 ఆగష్టు 20వ తేదీన జన్మించియుండెను. అతడు పారిసులోని పాలిటెక్నిక్ మహాపాఠశాలలోను, వంతెనలు రహదారుల మహాపాఠశాలలోను చదివి ఇంజనీరై, స్వదేశమునకు వచ్చి రైలుమార్గముల నిర్మాణమున పని చేసెను. మంత్రి కుమారుడు తన చేతితో కొలిచి, గీచి, కట్టించి, ఆ పిమ్మట రాజకీయములలోనికి వచ్చుట గమనింపదగినది. అయినను వచ్చిన తరువాత మెట్లన్నియు నతని కొఱకే వేయబడినట్లుండెను. 1895లో శాసనసభ్యుడు, 1897లో, ముప్పదిమూడేండ్లు నిండకమున్నే, ప్రజాపనుల మంత్రి, 1907లో దేశీయవ్యవహారముల మంత్రి, 1909లో ప్రధానమంత్రియు, లిబరలుపక్ష నాయకుడును. ఆ యేటనే యొకడు తుపాకితో కాల్చగా గాయపడియు బ్రదికి బయటపడెను.

ఇక నతడు ఋణము లెట్లు తీర్చెనో చూతము.

కర్షకుల ఋణము మొదట తలుపు తట్టెను. 1907 ఫిబ్రవరిలో మొల్డేవియాయందలి ఫ్లమంజి యను గ్రామమున రైతులు తిరుగబడిరి. ఆ గ్రామనామమునకే ఆకలిగొన్నవారని యర్థము. మంట యొక గ్రామమునుండి యొక గ్రామమునకు, ఒక జిల్లానుండి యొక జిల్లాకు ప్రాకి వలేకియాను గూడ జుట్టుకొనెను. కన్సర్వేటివు మంత్రివర్గము చేతులెత్తివేయగా లిబరలులు అధికారమునకు వచ్చిరి. యుద్ధమంత్రి జనరల్ అవెరెస్కు, దేశీయవ్యవహారముల మంత్రి ఇయొనెల్ బ్రతియాను. పల్లెలపై ఫిరంగులు సయితము ప్రయోగింపబడెను. చనిపోయిన రైతు లెందఱో నేటికిని వివాదములోనే యున్నది; వేలమంది యని పలువు రందురు. ఇయొనెల్ జీవితమున ఈ పుటను దాటవేసి అతనిని స్తుతించువారు చరిత్రకారులు కారు, వందిమాగధులు.

కాని ఆ పుట యతనిని విడువలేదనుటయు నిజమే. 1913లో నతడు బహిరంగముగా నొక లేఖ ప్రకటించి, పెద్ద భూస్వాముల భూములలో కొంత బలవంతముగా కొని రైతులకు పంచవలెననియు, ఓటుహక్కు తారతమ్యములు పోవలెననియు తన పక్షమునకు కార్యక్రమముగా విధించెను. ఆ పక్షమున భూస్వాములకు కొదువ లేదు, నాయకుడే భూస్వామి. 1914లో ఆ సంస్కరణకు పూనుకొనునంతలో మహాయుద్ధము వచ్చెను. 1917 వసంతమున, దేశము మూడింట రెండువంతులు శత్రువుల వశమై, సైన్యము టైఫసు జ్వరముతో క్రుంగియుండగా, రాజు ఫెర్డినాండు కందకములలోని సైనికుల యెదుట నిలిచి మీకు భూమియు ఓటును ఇచ్చెదనని వాగ్దానము చేసెను. ఆ వేసవిలోనే యాషి నగరమున శాసనసభ రాజ్యాంగమును సవరించి ఆ వాగ్దానమునకు బలమిచ్చెను. యుద్ధానంతర శాసనములచేత మొత్తము సుమారు 60 లక్షల హెక్టార్ల భూమి పెద్ద ఆస్తులనుండి తీసికొనబడెను. యూరపుఖండమున రష్యా వెలుపల అంతటి భూసంస్కరణము ఆ కాలమున జరుగలేదని చెప్పవచ్చును. ఒక వర్గము తన చేతులతో తన వేళ్లను పెకలించుకొనుట చరిత్రలో అరుదు. ఈ ఋణము తీఱెను. వడ్డీ మాత్రము 1907లో రైతుల రక్తముతోడను, 1917లో సైనికుల రక్తముతోడను చెల్లింపబడెను.

సోదరుల ఋణమును దీర్చుటయే ఇయొనెల్ జీవితకార్యము. 1914 ఆగష్టు 3వ తేదీన సినాయాలోని రాజభవనమున మంత్రాలోచనసభ జరిగెను. వృద్ధుడగు కరోలు రాజు 1883 నాటి సంధిని చేతబట్టుకొని జర్మనీ, ఆస్ట్రియాల పక్షమున యుద్ధములో దిగవలెననెను. పీటర్ కార్పు అను వృద్ధనాయకు డొక్కడు తప్ప రాజును బలపఱచినవాడు లేడు. తండ్రి చేసిన సంధిని కుమారుడు ప్రక్కన బెట్టెను. రుమేనియా తటస్థముగా నిలిచెను. రెండేండ్లపాటు ఇయొనెల్ ఎవరికిని అవునని చెప్పలేదు, కాదని చెప్పలేదు. మిత్రరాజ్యముల రాయబారులు విసిగిరి. జర్మను రాయబారులు విసిగిరి. స్వదేశపు పత్రికలు నిందించినవి. కడకు 1916 ఆగష్టు 17వ తేదీన మిత్రరాజ్యములతో సంధి వ్రాయించుకొని ట్రాన్సిల్వేనియా, బుకొవీనా, బనాతు ప్రాంతములు రుమేనియాకు జెందవలెనని సంతకములు చేయించుకొనెను. పదిదినములకు యుద్ధము ప్రకటించెను.

రెండేండ్ల బేరము కాగితముపై నెంత జాగ్రత్తగా నడచెనో, సైన్యపు సన్నాహ మంత జాగ్రత్తగా నడువలేదు. సెప్టెంబరు ప్రారంభమున తుర్తుకాయా కోట పడెను. డిసెంబరు 6వ తేదీన బుకారెస్టు రాజధాని పడెను. రాజు, మంత్రులు, శాసనసభ యాషి నగరమునకు తరలిపోయిరి. జాతీయబ్యాంకు బంగారమును భద్రతకని మాస్కోకు పంపిరి. ఆ బంగారము నేటికిని తిరిగి రాలేదు. 1917 వేసవిలో మరాషెష్తి యొద్ద రుమేనియా సైనికులు జర్మనుల నిలువరించి లోకమును విస్మయపఱచిరి గాని, రష్యాలో విప్లవము వచ్చి వెనుకనున్న గోడ కూలెను. 1918 మే నెలలో వేఱొక మంత్రివర్గము శత్రువులతో అవమానకరమగు సంధికి సంతకము చేసెను. ఆనాడు ఇయొనెల్ పేరు చెప్పినవారు ఉమ్మివేసిరన్న ఆశ్చర్యము లేదు.

ఆఱు మాసములకే లోకము తలక్రిందులయ్యెను. ఆస్ట్రియా సామ్రాజ్యము విచ్ఛిన్నమయ్యెను. ఆ వసంతముననే బెస్సరేబియా సభ ఐక్యమును కోరియుండెను. నవంబరు 28వ తేదీన బుకొవీనా, డిసెంబరు 1వ తేదీన ఆల్బా యూలియాలో సమావేశమైన ట్రాన్సిల్వేనియా రుమేనియనుల మహాసభ ఐక్యమును ప్రకటించినవి. యుద్ధమునకు ముందు సుమారు లక్షా ముప్పదియెనిమిది వేల చదరపు కిలోమీటర్లున్న దేశము సుమారు 2,95,000 చదరపు కిలోమీటర్ల దేశమయ్యెను. ఇది ఒక్కని ఘనకార్యము గాదు. ఆల్బా యూలియాకు నడచివచ్చిన రైతులది, మరాషెష్తిలో మడిసిన సైనికులది ప్రథమతాంబూలము. అయినను 1914లో ఆ రాజు మాటకు తలయూచియుండినచో ఈ దిన మట్లు రాకపోవును. ఈ ఋణమును ఇయొనెల్ తీర్చెను, ఎవరును కాదనజాలరు.

ఇట పారిసు సభ కథ చెప్పవలెను. మా వాదమున కిదియే గుండెకాయ. 1919లో శాంతిసభకు ఇయొనెల్ స్వయముగా వెళ్లెను. నలుబదియొక్క సంవత్సరముల క్రిందట తండ్రి బెర్లినులో తలుపు వెలుపల నిలిచెను. నేడు కుమారునకు తలుపు లోపల కుర్చీ దొరకెను గాని మాట దొరకలేదు. బెల్జియమునకు, సెర్బియాకు ముగ్గురేసి ప్రతినిధులు, రుమేనియాకు ఇద్దఱు. సంధి షరతులు పెద్దరాజ్యముల ఏకాంతగృహములలో నిర్ణయమై చిన్నరాజ్యములకు చదివి వినిపింపబడుచుండెను. అల్పసంఖ్యాకుల రక్షణకు రుమేనియా హామీ యీయవలెననియు, ఆ హామీపై పెద్దరాజ్యములు పర్యవేక్షణ చేయుననియు నొక యొప్పందము సిద్ధమయ్యెను. మే 31వ తేదీ సభలో ఇయొనెల్ లేచి యెదురుతిరిగెను. ఈ షరతులు మాకు మాత్రమేల, పెద్దరాజ్యములకు లేవేల, స్వాతంత్ర్యమునందు పెద్దది చిన్నది యను భేదము గలదా యని యతని వాదము. క్లెమెన్సోకు కోపము వచ్చెను. విల్సను ప్రత్యుత్తరమిచ్చెను. ఇయొనెల్ సంతకము చేయక పారిసు విడిచి, సెప్టెంబరులో పదవినే విడిచెను. ఆ యొప్పందముపై డిసెంబరులో వేఱొక మంత్రివర్గము సంతకము చేసెను.

పెద్దరాజ్యముల యెదుట తల వంపని చిన్నదేశపు మంత్రిని జూచి ఉప్పొంగని దేశాభిమాని యుండడు. ఆ ప్రశ్న న్యాయమైన ప్రశ్న. తమ యేలుబడిలోని జాతుల విషయమున నొక్క హామీయు నీయని సామ్రాజ్యములు ఇతరులకు నీతి బోధించుట వింత. కాని, చదువరులారా, ఆ న్యాయమైన ప్రశ్నను వేసినవాని చేతిలో నున్న కాగిత మేమిటో గూడ చూడవలెను. నలుబదియేండ్లుగా తన దేశమున రెండున్నర లక్షల ప్రజలకు పౌరసత్వము నీయని వంశమునకు వారసుడతడు. యూదులకు పౌరసత్వము నిచ్చు శాసనములు మేము స్వయముగా చేయుచున్నాము గదా, పరుల షరతేల యని యతడు చెప్పెను. నిజమే, చేయుచుండెను. కాని ఆ శాసనము శాంతిసభ నీడ పడిన తరువాత వచ్చినది. తండ్రి 1879లోనే తనంతట తాను తలుపు తెఱచియుండినచో, 1919లో కుమారుని వాదమునకు ప్రత్యుత్తరమే యుండకపోవును. మాకు సమానత్వ మీయరేల యని పెద్దవారి నడుగువాడు, తన వాకిట నిలిచినవాడు అదే ప్రశ్న అడిగినప్పుడు తొలుత జవాబు చెప్పవలెను. ఆ జవాబు లేనందుననే అతని గొంతు సభలో మ్రోగియు ఫలింపలేదు.

1923వ సంవత్సరపు రాజ్యాంగము, అతని ప్రభుత్వమే చేసినది, యూదుల పౌరసత్వమును స్థిరపఱచెను. ఋణము తీఱినట్లే. కాని ప్రీతితో నిచ్చినది నిలుచును. విధిలేక యిచ్చినది నిలువదు. 1938 జనవరిలో గోగా ప్రభుత్వము పౌరసత్వముల పునర్విచారణ ప్రారంభింపగా రెండు లక్షలకు పైబడిన యూదులు దానిని గోల్పోయిరి. దాని తరువాత వచ్చిన ఘోరములు లోకమెఱిగినవే. మూడవ ఋణమునకు చెల్లు వ్రాసిన సిరా ఆరకమునుపే చెఱిపివేయబడెను.

నాలుగవ ఋణమో? దానిని ఇయొనెల్ తీర్చలేదు; పెంచెను.

1922 మొదలు 1926 వఱకు అతడు నిరాఘాటముగా నేలెను. సోదరుడు వింతీలా ధనమంత్రి. మన బలముతోనే మనము అనునది వారి పక్షపు నినాదము. 1923 నాటి రాజ్యాంగము భూగర్భసంపద జాతిదని ప్రకటించెను. 1924 నాటి గనుల శాసనము పెట్రోలియము కంపెనీలలో రుమేనియనుల మూలధనమునకు ఆధిక్యము కోరెను. బ్రిటిషు, అమెరికా, డచ్చి కంపెనీలు గగ్గోలు పెట్టినవి. ఇంతవఱకు మెచ్చదగినదే. కాని జాతి మూలధనమన్నప్పుడు ఆ జాతి యెవరు? వింతీలా నడపిన బాంకా రొమనెస్కా యను బ్యాంకును, లిబరలు పక్షమునకు సన్నిహితులగు ధనికులును జాతి పేర లాభపడిరని ప్రతిపక్షులు ఘోషించిరి. కొత్తగా చేరిన ట్రాన్సిల్వేనియావారు మమ్ములను బుకారెస్టు అధికారుల చేతిలో బెట్టిరని వాపోయిరి. 1922 అక్టోబరులో ఆల్బా యూలియాలో రాజదంపతులకు పట్టాభిషేకము జరుగగా, ఆ ప్రాంతపు నాయకుడు యూలియు మానియు ఆ మహోత్సవమునకు రాలేదు. ఇంటి పెండ్లికి ఇంటివాడే రాలేదన్నచో ఆ పెండ్లిపెద్ద ఆలోచింపవలదా?

1926లో నతని ప్రభుత్వము కొత్త ఎన్నికల శాసనమును చేసెను. నూటికి 40 ఓట్లు వచ్చిన పక్షమునకు సభలో సగము స్థానములు ముందుగానే యిచ్చి, మిగిలిన సగములో గూడ వాటా పంచుట దాని సారము. రైతుకు ఓటు ఇచ్చిన చేతితోనే ఆ ఓటు విలువను తూకమునుండి తీసివేయుటగా నున్నదిది. ఫలితము చూడుడు. 1926 మే ఎన్నికలలో, అవెరెస్కు అధికారమున నుండగా, లిబరలులకు వచ్చినవి నూటికి 7 ఓట్లు. 1927 జులై ఎన్నికలలో, ఇయొనెల్ అధికారమున నుండగా, వారికే వచ్చినవి నూటికి 62 ఓట్లు. పదునాలుగు మాసములలో ఒక దేశపు ప్రజలు అంతగా మనసు మార్చుకొందురా? మారినది ప్రజల మనసు గాదు, అధికారుల యజమాని.

ఆ కాలమున రాజభవనము, శాసనసభ, బ్యాంకు, పక్షము నాలుగును ఒక్క కుటుంబపు చావడిలో కలిసికొనుచుండెను. సోదరుడు వింతీలా మంత్రి. మఱొక సోదరుడు దీను పక్షమున ప్రముఖుడు. బావమఱది బార్బు ష్తిర్బే రాజదంపతులకు ఆంతరంగికుడు, 1927 జూనులో కొన్ని దినములు ప్రధానమంత్రియు. యువరాజు కరోలు 1925 చివర సింహాసనపు హక్కును విడిచిపెట్టగా, ఆ త్యాగమును స్థిరపఱచినవాడును ఇయొనెలే. 1927 జులైలో ఫెర్డినాండు రాజు మరణించెను; అయిదేండ్ల బాలుడు మిఖాయి రాజయ్యెను. దేశమంతయు నొక్క మనుష్యుని భుజములపై నిలిచెను. నాలుగు మాసములు గడిచెను. నవంబరు 24వ తేదీన, గొంతున బుట్టిన రోగము ముదిరి, ఇయొనెల్ మరణించెను.

పక్షమేమి చేసెను? ప్రధానమంత్రి పదవిని తమ్ముడు వింతీలా చేతిలో బెట్టెను. దానికంటె వేఱు దారి వారికి తోచలేదు, ఉండనులేదు. మహావృక్షము క్రింద మొక్క మొలవదన్నట్లు, ముప్పదియేండ్లలో ఆ పక్షమున బ్రతియానులకు సమానుడనిపించుకొన్నవాడు మిగులలేదు. వింతీలా నిష్కపటుడు, కష్టజీవి. అయినను ఒక సంవత్సరము నిలువలేక 1928 నవంబరులో తొలగెను. మానియు నాయకత్వమున జరిగిన డిసెంబరు ఎన్నికలలో లిబరలులకు దక్కినవి నూటికి 7 ఓట్లు గూడ లేవు. 1930లో కరోలు తిరిగివచ్చి రాజయ్యెను. 1937 డిసెంబరులో లిబరలు ప్రభుత్వము జరిపిన ఎన్నికలలో దానికి నూటికి సుమారు 36 ఓట్లు మాత్రమే వచ్చినవి. తాము గట్టిన నలుబది యను గడప తమకే అడ్డు తగిలెను. ఎవరికిని బహుమతి స్థానములు దక్కలేదు. ఆ గందరగోళమును సాకుగా గొని రాజు 1938 ఫిబ్రవరిలో రాజ్యాంగమును రద్దుచేసి నిరంకుశుడయ్యెను. తీర్పబడని ఋణము చక్రవడ్డీతో వచ్చి ఇంటినే వేలము వేయించెననుటకు ఇంతకంటె నిదర్శన మేల?

కథ యంతటితో ముగియలేదు. యుద్ధానంతరము కమ్యూనిస్టులు అధికారము గైకొనిరి. దీను బ్రతియాను 1934 నుండి 1947లో పక్షము అణచివేయబడు వఱకు దాని నాయకుడు. ఎనుబదియేండ్లు దాటిన యా వృద్ధుని 1950లో పట్టి సిగెత్ చెఱసాలలో వేసిరి. ఆ యేటనే యచ్చట మరణించెను. ఇయొనెల్ కుమారుడగు గియోర్గె బ్రతియాను చరిత్రపండితుడు. అతడును 1953లో ఆ చెఱసాలలోనే మరణించెను. ఈ సిగెత్ పట్టణ మెచ్చటిది? 1918కి పూర్వము హంగరీ యేలుబడిలోనిది. ఐక్యముతో రుమేనియాకు వచ్చినది. తండ్రి రాజ్యమునకు గలిపిన గడ్డమీదనే కుమారుడు ఖైదీయై కన్నుమూసెను. ఏ శత్రువునకును ఇట్టి గతి వలదు. విచారణ లేని నిర్బంధమును మేము ఎవరిపట్ల జరిగినను ఖండింతుము. ఆ చెఱసాల నేడు స్మారక ప్రదర్శనశాలగా నున్నది. చూడబోవువారు ఆ గదుల యెదుట మౌనముగా నిలుచుదురు.

అయినను మౌనము తీర్పునకు బదులు గాదు. ఏ శాసనసభ నిజముగా ప్రజలదో, ఏ ఎన్నిక నిజముగా ఎన్నికయో, ఆ దేశమున నిరంకుశునకు దారి కష్టము. రుమేనియాకు బయటినుండి వచ్చిన బలము అధికము. ఏ రాజ్యాంగమును ఆ సైన్యముల నాపియుండదు. ఈ మాట మఱువరాదు. కాని ఆ బలము రాకమునుపే, 1938లోనే, రాజు ఒక్క సంతకముతో ప్రజాప్రభుత్వమును మాయము చేయగలిగెను. వీథిలోనికి వచ్చి మాది మాకిమ్మని యడిగినవారు లేకపోయిరి. ఏల? అది తమదని వారికెన్నడును తోపలేదు. అది బ్రతియానులది, రాజుది, అధికారులది. తనది కానిదానిని ఎవడు కాపాడుకొనును?

కనుక వంశమును నిందించి చేతులు కడుగుకొనుట సులభము; అది న్యాయము గాదు. బ్రతియానులు సోమరులు గారు, దేశద్రోహులు గారు. తండ్రి ప్రవాసమున మగ్గెను, కుమారుడు తుపాకిగుండు దెబ్బ తినెను, వృద్ధుడగు సోదరుడు చెఱలో మరణించెను. తమ భూములను రైతులకు పంచు శాసనమునకు తామే పూనుకొనిరి. ఇన్ని చేసినవారు ఒక్కటి చేయలేదు. తమ్ము దాటి ప్రజలను నమ్మలేదు. ప్రజల కొఱకు సమస్తమును చేయుదుము గాని ప్రజలచేత చేయింపము అనునది గొప్ప వంశములకు బట్టు రోగము. అది దురాశకంటె సూక్ష్మమైనది, దానికంటె ప్రమాదమైనది. ఏలయన, అది త్యాగపు వేషమున వచ్చును.

ఫ్లోరికాలో తండ్రి ప్రక్కననే ఇయొనెల్ సమాధి యున్నది. నాలుగు ఋణములలో రెండు తీర్చి, ఒకటి అరకొరగా తీర్చి, ఒకటి పెంచి పోయిన వారసుని సమాధి యది. ఎందఱు వారసులకు అంత మాత్రమును దక్కును! అయినను ఆ తీఱని నాలుగవదియే తక్కిన మూడింటి ఫలమును మ్రింగివేసెను. పేరుగల యింట బుట్టి పదవికి వచ్చు ప్రతివాని విషయమునను ఇదే లెక్క తీయుడు. అతని తాత చిత్రపటమును జూడవలదు. తండ్రి లెక్కపుస్తకమును తెప్పింపుడు. చివరి పుటలో అప్పు తగ్గినదా, పెరిగినదా యని మాత్రము అడుగుడు.